నూనె తాగిన డోనట్లు

మా ఇంట్లో పొయ్యి మీద మూకుడు పెట్టి నూనె పోశారంటే నేను వంటింట్లోంచి బయటికి రావాలి. ఎవరూ గోడ మీద రాసిపెట్టలేదు గానీ, పద్నాలుగేళ్లుగా ఇదే పద్ధతి. మా యారాలు జల్లిగంటె చేతిలోకి తీసుకుని ఒకసారి నా వైపు, ఒకసారి గుమ్మం వైపు చూస్తుంది. నేను లేచి బయటికి వస్తాను. వెనకాల తలుపు దగ్గరికి వేసుకుంటుంది. అన్నీ కాలి, చల్లారిన తరవాత వాటిని పేపర్ల మీది నుంచి ఏరి స్టీలు డబ్బాల్లో సర్దడం మాత్రం నా పని.

యారాలంటే తోడికోడలు, మా ఆయన అన్నగారి భార్య. ఆమెది నర్సంపేట. వరంగల్ బజారులో కింద మా కిరాణా దుకాణం, పైన అన్నదమ్ములిద్దరి సంసారాలు, రెండిటికీ కలిపి ఒకటే వంటిల్లు. అత్తగారు పోయాక ఆ వంటిల్లు ఆమె చేతికి వచ్చింది. వచ్చిందని మర్యాదకి అంటున్నాను, ఆమె లాక్కుంది. ఆమె మీద నాకు కోపం ఉంది, దాచుకోవడం నా వల్ల కాదు. ఇది ఆమె చదివితే చదవనీ.

నన్ను బయటికి పంపడం నా పెళ్లయిన రెండో నెలలో మొదలైంది. ఆడబిడ్డ సీమంతానికి గరిజెలు, అదే కజ్జికాయలు, చేస్తున్నారు. నేను డోర్నకల్ పిల్లను. నాన్నది రైల్వే ఉద్యోగం. క్వార్టర్స్‌లో మా అమ్మ మురుకులు వేస్తే తలుపులు బార్లా తెరిచి ఉండేవి. ఆ వరసలోని పిల్లలంతా వచ్చి పొయ్యి చుట్టూ కూర్చునేవాళ్లు. నూనె తగ్గితే అమ్మ “నూనె తగ్గింది, ఆ డబ్బా అందుకో” అనేది, ఎవరో ఒకరు అందించేవారు. నేను చూసిన వంటిల్లు అదొక్కటే. అదే అలవాటున ఇక్కడ కూడా మూకుట్లోకి తొంగి చూసి అడిగాను.

“అక్కా, నూనె గింత తగ్గిందేంది? మల్ల పోయమంటరా?”

గదిలో ఉన్న నలుగురు ఆడవాళ్ల చేతులూ ఆగిపోయాయి. అప్పుడు నాకు తెలియదు, ఆ ఇంట్లో మూకుడు పొయ్యి మీదున్నంత సేపూ నూనె పేరెత్తరు. ఎంత పట్టింది, ఎంత తగ్గింది అని అసలే అడగరు. కళ్లతో సైగ చేసుకుని పోసుకుంటారు. పైవాళ్ల కన్ను పడితే పిండివంట నూనె గుంజుతుందని నమ్మకం. నా కర్మ కొద్దీ, నేను అలా అడిగానో లేదో మూకుట్లో రెండు గరిజెల నోళ్లు విచ్చుకున్నాయి. లోపలి కొబ్బరి, చక్కెర బయటికొచ్చి నల్లగా మాడి, నూనెంతా పాడైంది. గరిజెల అంచు సరిగా నొక్కకపోతే విచ్చుకుంటాయని మూడేళ్ల పిల్లకు కూడా తెలుసు. ఆ రెండూ ఒత్తింది ఎవరో కూడా నాకు తెలుసు. అయినా మా యారాలు నన్ను ఎగాదిగా చూసి ఒకటే మాటంది.

“కన్ను పడ్డకాడ నూనె నిలుస్తదా? బయటికి పో చెల్లే.”

నేను బయటికి వచ్చాను. ఎదురు చెప్పాల్సింది. కొత్త కోడలిని, నోరు పెగల్లేదు. ఆ ఒక్క రోజు నోరు మూసుకున్నందుకు పద్నాలుగేళ్లు గుమ్మం అవతల కూర్చున్నాను. నా కన్ను మంచిది కాదన్న మాట చుట్టాల్లో కూడా పాకింది. పెళ్లిళ్లలో వంటల దగ్గరికి వెళ్తే ఎవరో ఒకరు నవ్వుతూ “నువ్వు జర అటు కూసోరాదు” అనేవాళ్లు. మా ఆయనకు చెబితే “గా మూకుడు కాడ ఉడికిపోయే బాధ తప్పింది గద, ఫికర్ ఎందుకు” అన్నాడు. ఆయనకు అది బాధ తప్పడం. నాకేమో సొంత ఇంట్లో నలుగురి ముందు తలుపు వేయించుకోవడం.

సరే, నా వరకు నేను మింగేశాను. నా బిడ్డ దగ్గరికి వచ్చేసరికి మింగుడు పడలేదు.

పోయిన దసరాకు మా పాప వంటింట్లోకి వెళ్లింది. దానికప్పుడు పదకొండు నిండలేదు. ఒత్తిన గరిజెను అరచేతిలో పట్టుకుని, “పెద్దమ్మా, ఒక్కటి నేనేస్త” అని అడిగింది. నేను బయట పేపర్లు పరుస్తున్నాను. అన్నీ వినబడుతున్నాయి.

“నీకు మీ అమ్మ కన్నే వచ్చింది బిడ్డా,” అంది మా యారాలు. “జర బయట కూసో. అయినంక తిందువు.”

పాప బయటికి వచ్చింది. నా దగ్గరికి కాదు, నేరుగా అద్దం దగ్గరికి వెళ్లింది. వేలితో కంటి కింద రెప్ప లాగి చూసుకుంది. ఒకటి చూసి, రెండోది చూసి, నా వైపు తిరిగింది.

“మమ్మీ, నా కన్నుకు ఏమైంది?”

అరికాలి మంట నెత్తికెక్కింది. పేపర్లు అక్కడే పడేసి వంటింట్లోకి వెళ్లి ఆమెతో తగువు పెట్టుకున్నాను. ఏమన్నానో సగం గుర్తు లేదు. “నన్ను అంటే పడ్డ, నా బిడ్డను అంటే పడ” అన్నది గుర్తుంది. ఆమె పొయ్యి మంట తగ్గించి, గంటె కింద పెట్టి, “ముందు నువ్వు బయటికి పోయి మాట్లాడు. మూకుడు పొయ్యి మీద ఉన్నది” అంది. అంత గొడవలోనూ ఆమెకు మూకుడే ముఖ్యం. మా ఆయన కింది నుంచి వచ్చి పండుగ పూట లొల్లి ఎందుకన్నాడు. ఆ రోజు గరిజెలు నేను ముట్టలేదు, డబ్బాల్లో సర్దలేదు కూడా.

అప్పుడే అనుకున్నాను. నా బిడ్డ ఈ ఇంట్లో, ఈ వంటింట్లో, నూనె కాగుతున్న మూకుడు ముందు నిలబడి తన చేత్తో వేయాలి. ఆమె చూస్తుండగా వేయాలి. నా సంగతి ఎలా పోయినా సరే, ఆ పిల్ల అద్దంలో కన్ను చూసుకోవడం ఆగాలి.

మే నెలలో పాప పుట్టినరోజు వచ్చింది. ఈసారి కేకు వద్దంది. ఫోనులో ఎవరో డోనట్లు చేస్తుంటే చూసి, అవే కావాలంది. గుండ్రంగా, మధ్యలో చిల్లు, పైన చక్కెర పాకం మెరుస్తూ. గుడ్డు లేకుండా, ఓవెన్ లేకుండా, ఇంట్లోనే సులువుగా చేసుకోవచ్చట. నూనెలో వేయించేవి అనగానే నా ప్రాణం లేచి వచ్చింది. ఐదుగురు స్నేహితురాళ్లను సాయంత్రం నాలుగింటికి పిలుచుకుంది.

ముందు రోజే మా యారాలితో చెప్పాను. “అక్కా, రేపు పగటీలి వంటిల్లు నాకు కావాలె. మూకుడు కూడా.”

“వంటిల్లు తీసుకో, ఎవరొద్దన్నరు,” అంది కూర తరుగుతూ. “నా మూకుడు మాత్రం ముట్టకు.”

ఒళ్లు మండింది. అప్పటికప్పుడు చౌరస్తాకు వెళ్లి కొత్త మూకుడు కొన్నాను, కొత్త జల్లిగంటె కూడా. బేకరీ సామాన్ల దుకాణంలో ఈస్ట్ పొట్లం, వెనీలా ఎసెన్స్ సీసా తీసుకున్నాను. వచ్చి ఆమెకు కనబడేటట్టు డైనింగ్ టేబుల్ మీద పెట్టాను. ఆమె వాటి పక్కనే కూర్చుని అన్నం తిని చేయి కడుక్కుంది. ఒక్క మాట అనలేదు. అనకపోవడం ఆమెకు బాగా చేతనవును.

మర్నాడు పన్నెండు దాటాక మొదలుపెట్టాను. బయట ఎండకు బజారంతా తలుపులు మూసుకుంది. గోరువెచ్చని పాలల్లో చక్కెర, ఈస్ట్ వేస్తే పది నిమిషాలకు నురగ వచ్చింది. మైదా, చిటికెడు ఉప్పు, కరిగించిన వెన్న వేసి పాప చేతే కలిపించాను. మొదట పిండి వేళ్లకు అంటుకుని సాగింది. పావుగంట పిసికాక నున్నగా అయింది. గిన్నెలో పెట్టి తడిగుడ్డ కప్పాను. ఫోనులో డోనట్లు చేసి చూపించే ఆమె గంటన్నర పక్కన పెట్టమంది. నేను గోడ గడియారం చూసి గంటన్నర లెక్క కట్టుకున్నాను. ఆ ఫోనులో ఆమె ఏ చల్లటి ఊళ్లో ఉందో, ఏ ఏసీ గదిలో ఉందో ఆలోచించలేదు. మా వంటిల్లు మే నెలలో ఎలా ఉంటుందంటే, మంచినీళ్ల బిందె పట్టుకుంటే వేడి నీళ్ల బిందెలా ఉంటుంది.

ముప్పావు గంట తరవాత మా యారాలు మంచినీళ్లకని వచ్చింది. గిన్నె మీది గుడ్డ పైకి లేచి ఉంది. ముక్కు ఎగబీల్చింది.

“ఇంట్ల కల్లు వాసన వస్తాంది చెల్లే.”

“అది ఈస్ట్ వాసన.”

“గదేందో నాకు తెల్వదు. పిండి పులిసింది. ఇగ ఉంచితే పనికి రాదు, తీసి చేసుకో.”

ఇప్పుడు రాస్తుంటే నా మీద నాకే కోపం వస్తోంది. ఆమె అన్నది నిజం. ఆ నిమిషంలో గుడ్డ తీసి పిండిని అణిచి, గుండ్రాలు కోసి ఉంటే అంతా సవ్యంగా జరిగేది. ఆమె అనకపోయి ఉంటే, నా ముక్కు నాకే చెప్పేది. కానీ అన్నది ఆమె. కాబట్టి నేను కదల్లేదు.

“గంటన్నర అంటే గంటన్నరే,” అన్నాను.

ఆమె భుజాలు ఎగరేసి వెళ్లిపోయింది. నేను గడియారం ముందు కూర్చుని నిమిషం కూడా తగ్గకుండా ఆగాను. గుడ్డ తీసేసరికి పిండి ఒకసారి పొంగి, మధ్యలో కుంగిపోయి ఉంది. అయినా ఏమీ ఎరగనట్టు పీట మీద వేసి మందంగా ఒత్తాను. పాప స్టీలు గ్లాసుతో గుండ్రాలు కోసింది, సాసు సీసా మూతతో మధ్యలో చిల్లులు చేసింది. ప్రతి చిల్లుకూ మురిసిపోయింది. వాటిని మళ్లీ ముప్పావు గంట ఉంచాలట. పంతానికి అదీ ఉంచాను. ఈలోగా చక్కెర మిక్సీలో మెత్తగా చేసి, పాలు, వెనీలా కలిపి పాకం తయారు చేసుకున్నాం. పాప వేలు ముంచి నాకి, “షాపుల దాని కన్నా మస్తున్నది” అంది.

మూడున్నరకు కొత్త మూకుడు పొయ్యి మీద పెట్టి నూనె పోశాను. పద్నాలుగేళ్లలో ఆ ఇంట్లో నేను మూకుట్లో నూనె పోయడం అదే మొదలు. పాపను పక్కన నిలబెట్టుకున్నాను. “మొదటిది నువ్వే వేస్తవు,” అన్నాను గట్టిగా, ముందు గదిలోకి వినబడేటట్టు.

మా యారాలు వచ్చింది. మూడు ఎండుమిరపకాయలు, గుప్పెడు దొడ్డుప్పు తెచ్చి పొయ్యి పక్కన గట్టు మీద పెట్టింది. దిష్టి తగలకుండా అన్నమాట.

“ఇవెందుకక్కా?”

“ఉండనీ. నీకేమడ్డం?”

“ఎవరి దిష్టి? నా బిడ్డదా?”

నేను ఆ మిరపకాయలు, ఉప్పు తీసి ఆమె చూస్తుండగానే చెత్తడబ్బాలో వేశాను. ఆమె ముఖం మాడింది. గుమ్మం దాటి అవతలే కుర్చీ వేసుకుని కూర్చుంది, చిక్కుడుకాయలు ఒళ్లో పెట్టుకుని. నాకు కావలసింది కూడా అదే. చూడనీ అనుకున్నాను.

పాప మొదటి గుండ్రాన్ని అట్లకాడ మీద పెట్టుకుని మెల్లగా నూనెలోకి జార్చింది. అది మునిగింది. పైకి తేలడానికి చాలాసేపు పట్టింది. తేలాక కూడా పొంగలేదు, వెడల్పుగా పరుచుకుంది. తీసి పేపరు మీద పెడితే పేపరు అవతలి వైపు దాకా నూనె దిగింది. రెండోది వేసింది. అదీ అంతే. మూడోది, నాలుగోది. మంట పెంచాను, పైన మాడి లోపల పచ్చిగా ఉంది. మంట తగ్గించాను, ఇంకా గుంజింది. అప్పటికే నాలుగు కావస్తోంది. చెమట కళ్లల్లోకి కారుతోంది. అవతల చిక్కుడుకాయలు తుంచుతున్న టప్ టప్ శబ్దం ఆగకుండా వినబడుతోంది. ప్రతి శబ్దమూ నన్ను ఎగతాళి చేసినట్టే ఉంది.

పాప పాదాలెత్తి మూకుట్లోకి తొంగి చూసింది.

“మమ్మీ, నూనె గింత తగ్గిందేంది?”

నేను దాని వైపు తిరిగాను.

“కన్ను పడ్డకాడ నూనె నిలుస్తదా? బయటికి పో.”

ఆ మాట నా నోట్లోంచే వచ్చింది. ఎక్కడా తడబడలేదు, చివరి “చెల్లే” తప్ప ఒక్క అక్షరం తేడా లేదు. పద్నాలుగేళ్లు లోపల దాచుకుని, అదును చూసుకుని, నా బిడ్డ మీద కక్కాను.

పాప నా ముందు ఏడవలేదు. చేతిలో అట్లకాడను గట్టు మీద పెట్టింది. గుమ్మం దాటింది. దాటి, వెనక్కి తిరిగి, తలుపు దగ్గరికి వేసింది. ఎవరూ చెప్పకుండానే వేసింది. చిక్కుడుకాయల శబ్దం ఆగింది.

“ఇటు రా బిడ్డా,” అంది మా యారాలు తలుపవతల. “నా కాడికి రా. మీ అమ్మకు ఉడకపోస్తాంది, గంతే.”

తలుపు సందులోంచి చూశాను. ఆమె పాపను పక్కన కూర్చోబెట్టుకుని కొంగుతో దాని ముఖం తుడుస్తోంది. దెప్పిపొడిచి ఉంటే భరించేదాన్ని. నవ్వి ఉంటే ఇంకా బాగుండేది, జుట్టు పట్టుకునేదాన్ని. నా బిడ్డ కళ్లు ఆమె కొంగుతో తుడుస్తుంటే మాత్రం ఆమె మీద నాకున్న ద్వేషం రెట్టింపైంది. అప్పుడూ న్యాయం కాదు, ఇప్పుడూ న్యాయం కాదు. ఏం చేయను, అదే కలిగింది.

స్నేహితురాళ్లు వచ్చారు. నూనె ఓడుతున్న ఆ డోనట్లను పాకంలో ముంచి ఇచ్చాను. ఆ వేడికి పాకం గట్టిపడలేదు, పిల్లల మోచేతుల దాకా కారింది. అయినా తిన్నారు, పిల్లలు కదా. మా యారాలు తన డబ్బాలోని మురుకులు పళ్లెంలో పెట్టి తెచ్చింది. నా పాప మురుకులు తింది. డోనట్ ముట్టలేదు.

ఆ సాయంత్రం దాన్ని మేడ మీదికి తీసుకుపోయి చెప్పాను. “నాదే తప్పు బిడ్డా. నోరు జారింది. పిండి ఎక్కువ పులిసింది, అందుకే నూనె గుంజింది. పెద్దమ్మ ముందే చెప్పింది, నేనే ఇనలే. నీ కన్ను కాదు.” ఆమె చెప్పిందని నా నోటితో ఒప్పుకోవడం నాకెంత కష్టమో దానికి తెలియదు. “సరే మమ్మీ,” అంది. ఆ “సరే” విని గండం గడిచిందనుకున్నాను. అంత తెలివితక్కువదాన్ని.

రెండు వారాల తరవాత మా యారాలు నర్సంపేటకు తమ్ముడింటికి వెళ్లింది. వంటిల్లు మొత్తం నాదే. మళ్లీ పిండి కలిపాను. ఈసారి గడియారం వైపు చూడలేదు. అరగంటకే గుడ్డ తీసి వేలితో నొక్కాను. నొక్కిన గుంత మెల్లగా నిండుతోంది. వెంటనే ఒత్తి, కోసి, పావుగంట మాత్రం ఆగాను. మొదటిది నూనెలో వేస్తే బుడుంగున పైకి తేలి పొంగింది. తిప్పితే ఎర్రగా కాలి, నడుం చుట్టూ తెల్లటి గీత పడింది. తీసి పేపరు మీద పెడితే మరకంత నూనె కూడా లేదు. నాకు కేక పెట్టాలనిపించింది.

“బిడ్డా, జల్ది రా. మిగిలినవి పట్టుకరా. ఇగ చూడు ఎట్ల పొంగుతానయో.”

పాప ముందు గదిలో పీట మీదున్న గుండ్రాలను పళ్లెంలో పెట్టుకుని వచ్చింది. గుమ్మం దగ్గర ఆగింది. లోపలికి రమ్మన్నాను. వచ్చింది, కానీ పక్కకు తిరిగి, ముఖం ఫ్రిజ్ వైపు పెట్టుకుని వచ్చింది. అలాగే నిలబడి పళ్లెం నా వైపు చాపింది. కళ్లు గట్టిగా మూసుకుని ఉన్నాయి.

“నేను చూస్తలేను మమ్మీ,” అంది. “నువ్వు వేయి.”